తిరుపతి, చిత్తూరుల్లో భూకంపాన్ని తట్టుకునే ఇల్లు: పునాది నుంచి పిట్టగోడ దాకా ఏ దశలో ఏం చూడాలి

వేలూరు వైపో, పలమనేరు వైపో భూమి కాస్త కదిలిందని వార్త వచ్చిన ప్రతిసారీ అవే ప్రశ్నలు వస్తాయి. మనకు భూకంపం భయం ఉందా? ఇల్లు కట్టేటప్పుడు ఏం జాగ్రత్తలు తీసుకోవాలి? ఇప్పటికే కట్టేసిన ఇంటికి ఏమైనా చేయొచ్చా? ఇందులో ఎక్కువ భాగం రెండో ప్రశ్నకే. మిగతా రెండింటికి అవసరమైనంత.

ముందుగా ఒక మాట. స్టీలు ఎక్కువ వేస్తే ఇల్లు గట్టిదవుతుందని సైటులో అందరూ అంటారు. అది సగమే నిజం. భూకంపం ఇంటిని పక్కకు ఊపుతుంది. ఆ ఊపులో ఇల్లు నిలబడాలంటే కమ్మీని ఎక్కడ అతికారు, కమ్మీల చుట్టూ కట్టే రింగును ఎలా వంచారు, ఎంత దగ్గరగా కట్టారు అన్నవే ముఖ్యం. కాంక్రీటు పోశాక ఇవేవీ కనబడవు. స్లాబు వేసే రోజు చుట్టాల్ని పిలిచి భోజనాలు పెట్టుకోండి, తప్పు లేదు. కానీ దానికి ముందు రోజు, కమ్మీ పని పూర్తయిన సాయంత్రం, మీరూ మీ ఇంజినీరూ సైటులో ఉండి తీరాలి.

1. జోన్ తేల్చుకోండి, లెక్క అడగండి

భూకంప బలాన్ని ఎలా లెక్కించాలో చెప్పే భారతీయ ప్రమాణం ఐఎస్ 1893. దాని 2016 కూర్పు దేశాన్ని జోన్ 2 నుంచి జోన్ 5 దాకా నాలుగుగా విడగొట్టింది. 5 అన్నిటికంటే ప్రమాదకరం. అందులో పక్కనున్న చెన్నై జోన్ 3. మీ ఊరు ఎందులోకి వస్తుందో ఇంజినీరు పటం చూసి డ్రాయింగు మీదే రాయాలి. ప్రమాణాల్ని సవరిస్తూ ఉంటారు కాబట్టి, తాజా కూర్పు చూశారా అని కూడా అడగండి.

పటంలో జోన్ 2 అని వచ్చినా జోన్ 3 లెక్కతో కట్టించమనే నేను చెబుతాను. 1993 సెప్టెంబరు 30న మహారాష్ట్రలో కిల్లారి దగ్గర భూకంపం వచ్చినప్పుడు, ఆ ప్రాంతం అప్పటి పటంలో అన్నిటికంటే తక్కువ ప్రమాదం ఉన్న జోన్‌లో ఉండేది. వేలమంది చనిపోయారు. ఎక్కువగా కూలినవి రాతి గోడల మీద బరువైన మట్టి కప్పు ఉన్న ఇళ్లు. అలాంటి మట్టి మిద్దెలు మన రాయలసీమ పల్లెల్లో ఇప్పటికీ ఉన్నాయి.

లెక్క ఎలా పనిచేస్తుందో కొంచెం తెలిస్తే ఇంజినీరుతో మాట్లాడటం సులువవుతుంది. ఆ 2016 కూర్పులో తోపుడు బలం లెక్కకు వాడే గుణకం జోన్ 2కి 0.10, జోన్ 3కి 0.16. అంతస్తుకు వెయ్యి చదరపు అడుగులతో రెండు అంతస్తుల ఇల్లు సుమారు 200 టన్నులు తూగుతుందనుకుందాం. జోన్ 3లో మామూలు పద్ధతిలో కమ్మీ కట్టిన ఇంటిని పక్కకు తోసే బలం సుమారు 13 టన్నులని లెక్క వస్తుంది (నిజానికి ఆ కూర్పు జోన్ 3లో మామూలు పద్ధతిని ఒప్పుకోదు). అదే ఇంటికి, భూకంపాన్ని తట్టుకునేలా కమ్మీ ఎలా కట్టాలో చెప్పే ఐఎస్ 13920 ప్రకారం రింగులు, అతుకులు సరిగ్గా కడితే 8 టన్నులకు లెక్క వేస్తే చాలని ప్రమాణం ఒప్పుకుంటుంది. జోన్ 2లో మామూలు పద్ధతికీ సుమారు ఇంతే వస్తుంది. అంటే కమ్మీ పని పద్ధతిగా చేయిస్తే జోన్ 3 లెక్క వల్ల పెద్దగా ఖర్చు పెరగదు.

ఇంటి బరువు తగ్గితే ఈ బలమూ తగ్గుతుంది. టెర్రస్ మీద అడుగు మందం మట్టి పోసి తోట పెంచాలనుకుంటే ఆ సంగతి ఇంజినీరుకు ముందే చెప్పాలి.

2. మట్టి పరీక్ష

తిరుపతి చుట్టుపక్కల ఒకే లేఅవుట్‌లో రెండు రకాల నేల కనిపిస్తుంది. కొండ అంచున అయితే మూడు, నాలుగు అడుగుల్లోనే రాయి తగులుతుంది. స్వర్ణముఖి ఒడ్డున ఇసుక, ఒండ్రు. పాత చెరువు లోతట్టులో, వంక పక్కన అయితే టిప్పర్లతో తోలిన మట్టి. పక్క ప్లాటు వాళ్లు ఐదడుగులు తవ్వారని మనమూ ఐదడుగులే తవ్వడం ఇక్కడ పనికిరాదు.

వదులు ఇసుక నీటితో నిండి ఉన్నప్పుడు భూకంపం వస్తే ఆ ఇసుక కాసేపు బురదలా పలచబడి పునాదిని వదిలేస్తుంది. నీరు నిండిన నేల ఎంత బలంతో తోస్తుందో 2021 నవంబరు వరదల్లో తిరుపతి శ్రీకృష్ణనగర్‌లో చూశాం. శుభ్రం చేయడానికి ఖాళీ చేసిన ఇంటి సంపు, సిమెంటు రింగులతో సహా భూమిలోంచి పైకి లేచింది. అది భూకంపం కాదు, నీటి తోపుడు. అయినా మన కాళ్ల కింద నీటి మట్టం ఎంత పైకి రాగలదో దాన్నిబట్టి తెలుస్తోంది.

మట్టి నివేదికలో ఇవి ఉన్నాయో లేదో చూసుకోండి:

- బోరు వేసి చేసిన ఎస్‌పీటీ పరీక్ష (బరువుతో కొట్టి గొట్టాన్ని నేలలోకి దించేది), ప్రతి లోతుకూ ఎన్ విలువ (అందుకు పట్టిన దెబ్బల లెక్క)
- నీటి మట్టం, ఏ నెలలో చూశారో
- నేల ఎంత బరువు మోయగలదో (ఎస్‌బీసీ), ఏ లోతులో
- పోసిన మట్టి ఎంత మందం ఉందో

సగం ఇల్లు రాతి మీద, సగం పోసిన మట్టి మీద కూర్చోబెట్టకండి. అన్ని ఫుటింగులూ (పిల్లర్ల కింది పునాది దిమ్మెలు) ఒకే రకం నేల మీదకు దిగాలి. ఫుటింగుల్ని, పిల్లర్లను కలుపుతూ గచ్చు మట్టంలో ఉండే ప్లింత్ బీమ్ రెండు దిక్కులా ఆగకుండా తిరగాలి. గుమ్మం దగ్గర అడ్డొస్తోందని దాన్ని తెంపడం చాలాచోట్ల చూస్తుంటాం. అక్కడ బీమ్‌ను కిందికి దించాలి గానీ తెంపకూడదు.

3. ప్లాను దశలోనే ఆపాల్సిన తప్పులు

ఇల్లు సాదా దీర్ఘచతురస్రంగా, పిల్లర్లు వరుసలో, పునాది నుంచి పైదాకా ఒకే చోట ఉంటే సగం పని అయిపోయినట్టే. మన దగ్గర అంకణాల లెక్కన కొన్న చిన్న స్థలాల్లో ఎదురయ్యే ఇబ్బందులు ఇవి.

*కింద పార్కింగ్, పైన ఇళ్లు.* పై అంతస్తుల్లో గోడలుంటాయి కాబట్టి అవి బిగుతుగా ఉంటాయి. కింద ఒట్టి పిల్లర్లే. ఊపంతా ఆ పిల్లర్ల మీదే పడుతుంది. 2001 జనవరి 26 భుజ్ భూకంపంలో, కేంద్రానికి 200 కిలోమీటర్లకు పైగా దూరంలో ఉన్న అహ్మదాబాద్‌లో కూడా ఇలాంటి అపార్ట్‌మెంట్లు కూలాయి. పార్కింగ్ తప్పదనుకుంటే, రెండు దిక్కుల్లోనూ పునాది నుంచి పైదాకా వెళ్లే కాంక్రీటు గోడల్ని డిజైన్‌లో పెట్టించండి. లిఫ్టు చుట్టూ ఒక్క గోడ పెట్టి సరిపెట్టుకోకండి. అది ఒక మూలకు ఉంటే ఇల్లు మెలి తిరుగుతుంది.

*రోడ్డు మీదకు మూడడుగులు.* మొదటి అంతస్తును బయటికి సాగదీసి, ఆ సాగిన బీమ్ చివర కొత్త పిల్లర్ లేపడం మన వీధుల్లో మామూలైపోయింది. ఆ పిల్లర్ కింద నేల లేదు. బాల్కనీ వరకు సాగదీయండి, దాని మీద పిల్లర్ మాత్రం వద్దు.

*వాస్తు.* ఈశాన్యంలో పిల్లర్ వద్దనో, మెట్లు ఫలానా మూలకే రావాలనో చివరి నిమిషంలో మార్చేస్తారు. వాస్తు చూపించుకోవాలంటే స్ట్రక్చరల్ డిజైన్‌కు ముందే చూపించండి. ఆ తర్వాత పిల్లర్ జరిగితే లెక్క మొత్తం మళ్లీ వేయాలి.

*పొట్టి పిల్లర్.* రెండు పిల్లర్ల మధ్య సగం ఎత్తుకే గోడ కట్టి పైన వెంటిలేటర్ వదిలితే, పిల్లర్‌లో వంగగలిగేది ఆ పై భాగం ఒక్కటే. అక్కడే విరుగుతుంది. మెట్ల మధ్య ల్యాండింగ్ బీమ్ తగిలే పిల్లర్‌దీ ఇదే సమస్య. అలాంటి పిల్లర్లకు కింది నుంచి పైదాకా రింగులు దగ్గరగా పడాలి.

పక్కింటి గోడకు మీ గోడ ఆనించకండి. రెండు ఇళ్లూ వేర్వేరుగా ఊగి ఒకదాన్నొకటి గుద్దుకుంటాయి. ఎంత సందు వదలాలో ఇంజినీరు లెక్క వేసి చెబుతారు.

4. ఇంజినీరు మీ చేతికి ఇవ్వాల్సిన కాగితాలు

మునిసిపాలిటీకో, తుడాకో (తిరుపతి పట్టణాభివృద్ధి సంస్థ) అనుమతి కోసం ఇచ్చే ప్లాను వేరు, కమ్మీ వివరాలున్న స్ట్రక్చరల్ డ్రాయింగు వేరు. మొదటిది ఉందని రెండోది లేకుండా మొదలుపెట్టేవాళ్లు చాలామంది. మేస్త్రీ చేతికి వెళ్లే డ్రాయింగులో కనీసం ఇవి ఉండాలి:

- జోన్, వాడిన ప్రమాణాల పేర్లు, కాంక్రీటు గ్రేడు, స్టీలు గ్రేడు
- ప్రతి రకం పిల్లర్‌కూ పై నుంచి కిందికి బొమ్మ: రింగులు ఎక్కడ దగ్గరగా, ఎక్కడ దూరంగా
- అతుకులు ఎక్కడ, ఎంత పొడవు
- బీమ్, పిల్లర్ కలిసే చోటు పెద్ద బొమ్మ
- రింగు కొక్కెం కోణం, తోక పొడవు
- రేపు పైన ఇంకో అంతస్తు వేసే ఉద్దేశం ఉంటే ఆ లెక్క కూడా

"పిల్లర్ రింగులు 6 అంగుళాలకు ఒకటి" అని ఒక్క ముక్క రాసి ఉంటే ఆ డ్రాయింగు వెనక్కి ఇవ్వండి.

5. సామాను

స్టీలు ఎఫ్ఈ 500డి తీసుకోండి. చివర ఉన్న 'డి' తెగకుండా సాగే గుణానికి గుర్తు. కమ్మీ మీద గ్రేడు, ఐఎస్ఐ గుర్తు అచ్చు పడి ఉంటాయి. లారీ దగ్గరే చూసుకోండి.

ఇసుకను గాజు సీసాలో సగం పోసి, నీళ్లు కలిపి కుదిపి, కొన్ని గంటలు వదిలేయండి. పైన తేరిన మట్టి పొర ఇసుక ఎత్తులో నూటికి ఎనిమిది వంతులు దాటితే ఆ లోడు వద్దు.

సైటులో కలిపే ఎం20 గ్రేడు కాంక్రీటుకు సిమెంటు, ఇసుక, కంకర 1:1.5:3. మూటకు నీళ్లు 30 లీటర్లు మించకూడదు, ఇసుకలో తేమ ఉంటే ఇంకా తగ్గాలి. పోయడం సులువవుతుందని పైపుతో నీళ్లు కొట్టేవాళ్లను ఆపడం మీ పని.

6. రింగులు, అతుకులు, జాయింట్లు: ఇక్కడ తొందరపడొద్దు

ఊపులో ముందు రాలిపోయేది పిల్లర్ పైపొర. ఆ పొర పోయాక లోపలి కాంక్రీటును పట్టుకుని ఉండేది రింగే. మన దగ్గర రింగు కొసలు 90 డిగ్రీలకు వంచి వదిలేస్తారు. పొర రాలగానే ఆ కొసలు విచ్చుకుంటాయి, నిలువు కమ్మీలు బయటికి ఉబ్బుతాయి, పిల్లర్ అక్కడే కూర్చుంటుంది. కొసను 135 డిగ్రీలు వంచి లోపలి కాంక్రీటులోకి దించితే పొర రాలినా రింగు విచ్చుకోదు. 8 మి.మీ. రింగుకు వంపు తర్వాత తోక కనీసం 65 మి.మీ., అంటే రెండున్నర అంగుళాల పైమాటే. పిల్లర్‌కు, బీమ్‌కు రింగు 8 మి.మీ. కంటే సన్నగా ఉండకూడదు.

మేస్త్రీ ఏమంటాడో ముందే చెబుతాను. "ఏం కాదు సార్, ముప్పై ఏండ్లుగా ఇట్లే కడతా ఉండాం." నిజమే. ఆ ముప్పై ఏళ్లలో ఇక్కడ పెద్ద భూకంపం రాలేదు, అందుకే ఆ పద్ధతికి పరీక్షే జరగలేదు. వాదన పెట్టుకోకుండా, కూలి మాట్లాడుకునే రోజే ఈ వంపు సంగతి చెప్పండి. దీనికి టైము ఎక్కువ పడుతుంది కాబట్టి రేటు కొంచెం పెంచమంటారు, పెంచండి. ఒక నమూనా రింగు వంచించి, కొలిచి, సైటులో మేకుకు తగిలించండి. మిగతావన్నీ దానితో పోల్చి చూస్తే సరిపోతుంది.

*పిల్లర్ కొలత.* 9×12 అంగుళాల పిల్లర్ మన దగ్గర అలవాటు. ఐఎస్ 13920 ప్రకారం పిల్లర్ సన్నటి వైపు కనీసం 300 మి.మీ. ఉండాలి. దానికి తోడు, పిల్లర్‌లోంచి దూరే బీమ్ కమ్మీ మందానికి 20 రెట్లకు తగ్గకూడదు. 12 మి.మీ. కమ్మీ అయితే 12×12 సరిపోతుంది, 16 మి.మీ. అయితే 320 మి.మీ. కావాలి. గదిలోకి మూడంగుళాలు పొడుచుకొస్తే బీరువా పట్టదని గొడవ వస్తుంది. ఆ పొడుచుకొచ్చేది అలమార మూలకో, బయటివైపుకో వచ్చేలా ప్లానులోనే సర్దించండి.

*రింగుల దూరం.* 12×12 పిల్లర్‌లో, మామూలు ఎత్తు గదికి, పైన 18 అంగుళాలు, కింద 18 అంగుళాలు రింగులు 3 అంగుళాలకు మించకుండా పడాలి. నిలువు కమ్మీ 12 మి.మీ. అయితే ఇంకాస్త దగ్గరగా, 70 మి.మీ.కు ఒకటి. మధ్యలో 6 అంగుళాలకు ఒకటి చాలు. పునాదిలోకి కూడా ఒక అడుగు దాకా దగ్గరి రింగులు దిగాలి. బీమ్‌లో అయితే పిల్లర్ ముఖం నుంచి బీమ్ లోతుకు రెండింతల దూరం దాకా రింగులు దగ్గరగా ఉండాలి. మొదటి రింగు రెండంగుళాల లోపే.

*జాయింటు.* బీమ్, పిల్లర్ కలిసే చోట నాలుగు వైపులా కమ్మీలు కిక్కిరిసి ఉంటాయి, చేయి పట్టదు. అందుకని అక్కడ పిల్లర్ రింగులు ఎగ్గొడతారు. అతి పెద్ద తప్పు ఇదే. దీనికి ఉపాయం పని వరుసలో ఉంది: బీమ్ కమ్మీలు దూర్చకముందే జాయింటు రింగుల్ని నిలువు కమ్మీలకు తొడిగి ఉంచాలి, బీమ్ దిగాక ఒక్కొక్కటీ సర్ది కట్టాలి. చివరి పిల్లర్‌లోకి వెళ్లే బీమ్ కమ్మీ అవతలి ముఖం దాకా పోయి, అక్కడ వంగి పిల్లర్‌లోకి దిగాలి. ఇవతలి ముఖం దగ్గరే ఆగిపోకూడదు.

*అతుకులు.* అతుకు అంటే రెండు కమ్మీల కొసల్ని కొంత పొడవు పక్కపక్కన పెట్టి కట్టే చోటు. స్లాబు మీద నుంచి రెండు, మూడు అడుగుల కమ్మీ వదిలి, పై అంతస్తు కమ్మీని స్లాబు మట్టం దగ్గరే అతకడం అందరూ చేసేదే. ఊపులో పిల్లర్ ఎక్కువ వంగేదీ అక్కడే. అతుకు పిల్లర్ ఎత్తులో మధ్య సగంలో పడాలి. ఎం25 కాంక్రీటులో 16 మి.మీ. కమ్మీకి అతుకు సుమారు 800 మి.మీ., అంటే 32 అంగుళాలు. కాబట్టి స్లాబు మీద దాదాపు ఐదడుగుల కమ్మీ వదలాలి. అన్ని కమ్మీలూ ఒకే చోట అతకకూడదు. సగం ఈ అంతస్తులో, మిగతా సగం పై అంతస్తులో అతికితే చిక్కు తీరుతుంది. అతుకు పొడవునా రింగులు 4 అంగుళాల లోపే. బీమ్ అతుకు జాయింటులో గానీ, దాని పక్కన బీమ్ లోతుకు రెండింతల దూరంలో గానీ పడకూడదు.

కాంక్రీటుకు ముందు రోజు సాయంత్రం, టేపు పట్టుకుని:

- ఏవైనా పది రింగుల కొక్కేలు వంగి లోపలికి దిగాయా
- కొక్కేలన్నీ ఒకే మూలకు రాకుండా మూలలు మార్చి కట్టారా
- ప్రతి జాయింటులో రింగులు ఉన్నాయా (టార్చి వేసి చూడండి)
- అతుకుల చోటు, పొడవు డ్రాయింగు ప్రకారమేనా
- కవర్ బ్లాకులు (కమ్మీకి, కాంక్రీటు బయటి ముఖానికి మధ్య సందు నిలిపేవి): పిల్లర్‌కు 40 మి.మీ., ఫుటింగుకు 50 మి.మీ., స్లాబుకు 20 మి.మీ.
- ప్లంబరు, ఎలక్ట్రీషియన్ పైపు కోసం బీమ్ కమ్మీ కోశారా
- అన్నిటికీ ఫోటోలు, పిల్లర్ నంబరు కనిపించేలా

ఫోటోలు ఉంచుకోండి. పదేళ్ల తర్వాత పైన అంతస్తు వేయాలనుకున్నప్పుడు ఇంజినీరు మొదట అడిగేవి అవే.

7. కాంక్రీటు, క్యూరింగ్

వైబ్రేటర్ లేకుండా పిల్లర్ పోయనివ్వకండి. పిల్లర్ పోశాక తల మీద తెల్లటి సిమెంటు పాలు తేరుతాయి. వాటిని గీకి, గరుకు చేసి, కడిగాకే పైది పోయాలి. లేదంటే ఊపులో పిల్లర్ ఆ గీత దగ్గరే జారుతుంది.

సెంట్రింగ్ విప్పాక తేనెపట్టులా బొరియలు కనిపిస్తే, ఇంజినీరు చూడకముందే ప్లాస్టరింగ్‌తో పూసేయనివ్వకండి.

మన ఎండలకు క్యూరింగ్ పది రోజులకు తగ్గకూడదు, రెండు వారాలైతే మరీ మంచిది. స్లాబుకు మళ్లు కట్టి నీళ్లు నిలుపుతారు గానీ పిల్లర్లను మరిచిపోతారు. గోనెసంచులు చుట్టి తడుపుతూ ఉండండి.

8. పిల్లర్లు లేని ఇటుక, రాతి ఇళ్లు

పల్లెల్లో ఒక అంతస్తుకు గోడల మీద స్లాబు వేసే పద్ధతే నడుస్తోంది. సరిగ్గా కడితే అదేమీ బలహీనం కాదు. ప్లింత్ మట్టంలో, లింటెల్ మట్టంలో ఇల్లంతా ఆగకుండా తిరిగే కాంక్రీటు బెల్టు వేయాలి. తలుపు, కిటికీల పైన మాత్రమే లింటెల్ ముక్కలు వేస్తే అది బెల్టు కాదు. రేకుల ఇల్లయితే గోడ పైన కూడా బెల్టు కావాలి. మూలల్లో బెల్టు కమ్మీలు ఎల్ ఆకారంలో వంగి రెండో గోడలోకి వెళ్లాలి. మూలల్లో పునాది నుంచి స్లాబు దాకా నిలువు కమ్మీ వేయించండి.

తలుపులు, కిటికీలు మూల నుంచి అడుగున్నర దూరంలో పెట్టండి. వాటి వెడల్పులు అన్నీ కలిపినా గోడ పొడవులో సగం దాటకూడదు.

రాతి గోడలో రెండు పొరలు విడిపోయి, మధ్యలో చిన్న రాళ్లు, మట్టి జారడం అసలు ప్రమాదం. ప్రతి రెండడుగుల ఎత్తుకు, నాలుగడుగులకు ఒకటి చొప్పున గోడ మందమంతా పట్టే పొడవు రాయి పెట్టాలి.

9. పైన ఉండేవి

వెయ్యి లీటర్ల ట్యాంకులో నీళ్లే ఒక టన్ను. పిల్లర్లు పైకొచ్చిన చోట బీమ్ మీద పెట్టండి, నాలుగున్నర అంగుళాల ఇటుక దిమ్మెల మీద కాదు. పిట్టగోడకు మధ్యమధ్య చిన్న పిల్లర్లు, పైన కాంక్రీటు పట్టీ వేయించండి. వీధిలోకి పరుగెత్తే వాళ్ల నెత్తిన ముందు పడేది అదే. బీరువా, పుస్తకాల అలమార గోడకు క్లాంపుతో బిగించండి.

10. కట్టేసిన ఇంటికి

భూమి కదిలినట్టు అనిపిస్తే ముందు జాతీయ భూకంప కేంద్రం వెబ్‌సైట్‌లో చూడండి, వాట్సాప్ చూసి టెన్షన్ పడకండి. క్వారీ పేలుడు కూడా అలాగే అనిపించొచ్చు.

తర్వాత ఇంటి చుట్టూ తిరగండి. ప్లాస్టరింగ్‌లో వెంట్రుకవాసి బీటలకు భయం లేదు. ఇవి కనిపిస్తే మాత్రం స్ట్రక్చరల్ ఇంజినీరును పిలవాలి:

- గోడ మీద ఐమూలగా, లేదా ఇంటూ గుర్తులా పడ్డ బీటలు
- పిల్లర్ పైనా కిందా అడ్డంగా పడ్డ బీట, ఊడిన పొర
- తుప్పు పట్టి ఉబ్బిన కమ్మీ
- తలుపులు ఉన్నట్టుండి పట్టేయడం

బీటలు కనిపించకపోయినా, కింద పార్కింగ్ ఉన్న ఇళ్లు ఒకసారి చూపించుకోవడం మంచిది. పిల్లర్ల చుట్టూ కొత్త కమ్మీతో కాంక్రీటు తొడుగు వేయడం, కొన్ని పిల్లర్ల మధ్య పునాది నుంచి కాంక్రీటు గోడ లేపడం సాధారణంగా చేసే మరమ్మతులు. పిల్లర్లు లేని ఇటుక ఇంటికి మూలల్లో, లింటెల్ మట్టంలో వెల్డెడ్ మెష్ (ఇనుప జాలి) బిగించి సిమెంటు పట్టీ వేస్తారు. ఈ మరమ్మతులకు ఇటుక, రాతి ఇళ్లకు ఐఎస్ 13935, కాంక్రీటు పిల్లర్ల ఇళ్లకు ఐఎస్ 15988 ఉన్నాయి, వాటి ప్రకారమే అంచనా రాయించండి. తొడుగు వేసేటప్పుడు కొత్త నిలువు కమ్మీలు స్లాబులోంచి రంధ్రాలు చేసుకుని పైకి వెళ్లాలి, కింద ఫుటింగులో దిగాలి. స్లాబు అడుగున ఆపేస్తే ఆ ఖర్చు రంగు వేసినట్టే.